తవిటమ్మ గుండె చప్పుడు

సముద్రం నడుమ దీవిలో, డిగ్నాబాద్ వీధుల్లో చేపలమ్మే తవిటమ్మకి తన గుండె మీద కొండంత నమ్మకం. ఊరికే వచ్చిన నమ్మకం కాదది. పెద్దాసుపత్రిలో డాక్టరీ చదువు మొదలయ్యాక, కాబోయే డాక్టర్లంతా వరస కట్టి మరీ విన్న గుండె ఆవిడది.

అంతకుముందు ఆ ఆసుపత్రి అంటే ఆవిడకి తెలిసిందల్లా ఓ సూది, నాలుగు మాత్రలు. జబ్బు కాస్త ముదిరితే ఓడెక్కి చెన్నై పోవడమే. మామగారు నూకయ్య ఓడ టిక్కెట్టు కోసం ఎదురుచూస్తూనే కన్నుమూశాడు. కాలేజీ వచ్చాక గుండె డాక్టర్లొచ్చారు. వాళ్ల వెనకే తెల్లకోట్ల పిల్లలూ వచ్చారు.

నిరుడు ఎండల్లో గంపతో మెట్ట ఎక్కలేక ఆయాసపడుతూ తవిటమ్మ అక్కడికి వెళ్లింది. పెద్ద డాక్టరు యుగంధర్ ఛాతీ మీద గొట్టం పెట్టి, కళ్లు మూసుకుని విని, మొహం చాటంత చేసుకుని పిల్లలందరినీ పిలిచాడు. ఒక్కొక్కరే విన్నారు. విన్నవాళ్ల మొహాలన్నీ వెలిగిపోయాయి. మందులిచ్చి నెలనెలా రమ్మన్నారు. పరీక్షలప్పుడైతే కబురుపెట్టి పిలిపించి, టీ, సమోసా పెట్టి మరీ విన్నారు.

ఇక ఆవిడని పట్టేదెవరు? చేపల బేరం మధ్యలో కూడా గుండె సంగతే. పక్కింటి యర్రమ్మ తన బీపీ గురించి చెప్పబోతే, పాపం దాన్ని వినడానికి ఎవరూ రారు కదా అని జాలిపడేది. మొగుడు బంగారురాజు వల బాగుచేసుకుంటూ, ఆ గుండెకో గుడి కట్టించమంటావా అని ఎకసెక్కెమాడేవాడు.

అందుకే, లోపల కవాటం ముడుచుకుపోయింది, చెన్నైలో ఆపరేషన్ చేయించుకోవాలి, ఆలస్యమైతే ప్రాణానికే ముప్పు అని యుగంధర్ చెబితే తవిటమ్మ నవ్వేసింది. ఏర్పాట్లన్నీ ఆసుపత్రే చూస్తుందన్నా ఒప్పుకోలేదు. బంగారురాజు బతిమాలాడు, తిట్టాడు, ఓ పూట అన్నం మానేశాడు. దేనికీ లొంగలేదు. లోపల ఇంకో బెంగ కూడా ఉంది. మరమ్మతు చేసేస్తే ఈ పిల్లలు మళ్లీ వస్తారా? కడుపు పండని మనిషి. అంతమంది పిల్లలు చుట్టూ మూగితే ఆవిడ ప్రాణానికి హాయిగా ఉండేది.

ఆ నెల తవిటమ్మ చూపించుకోవడానికి వచ్చినప్పుడు, గరాచర్మ నుంచి బస్సులో వచ్చి చదువుకునే లహరి ఒక్కతే వచ్చి మంచం మీద పక్కన కూర్చుంది.

"సెడ్డ గుండిని ఇనడానికి ఇంతమంది వత్తారేటే పాపా?" అని నవ్వుతూ అడిగింది తవిటమ్మ.

లహరి ఇంకాస్త దగ్గరకి జరిగింది. గొట్టం కొసలు ఆవిడ చెవుల్లో పెట్టి, రెండో కొస తన గుండెకి ఆనించుకుంది. గోడ గడియారంలా కుదురైన చప్పుడు. తర్వాత దాన్ని తవిటమ్మ ఛాతీకి జరిపింది. రాళ్ల మీద గంప ఈడుస్తున్నట్టు గరగర.

తవిటమ్మ నవ్వు ఆగిపోయింది. ఇంకోసారి రెండూ వింది. భయం వేసింది, దాని వెనకే ఒళ్లు మండింది.

"ఈ గరగర ఇనేనా మీరంతా సంబరపడిపోయారు?"

"పాఠం దొరికిందని ఖుషీ అయిపోయాం పిన్నీ. గల్తీ మాదే. నీ గుండె వినే కదా నేర్చుకున్నాం. నువ్వే లేకపోతే ఆ చదువు దేనికి?" అంటూ లహరి కళ్లు తుడుచుకుంది.

తవిటమ్మ లేచి ఇంటికి నడిచింది. బంగారురాజుని పిలిచి, చెన్నై వెళ్లడానికి బట్టలు సర్దమంది.

వానలు తగ్గుముఖం పట్టాక, ఛాతీ మీద పొడుగాటి కుట్ల మచ్చతో తిరిగొచ్చింది. వార్డులో అడుగుపెట్టేసరికి తెల్లకోట్లన్నీ మూగాయి. లోపల పెట్టిన లోహపు కవాటం టిక్కుటిక్కుమంటుందట, అది కూడా నేర్చుకోవాల్సిన చప్పుడేనట. లహరి గొట్టం తీసేలోపే తవిటమ్మ చెయ్యి చాపింది.

"ఆగండెహె. ముందు నానింటాను."

చెవుల్లో పెట్టుకుని, కళ్లు మూసుకుని తనివితీరా వింది. అప్పుడు గొట్టం లహరికిచ్చి, మిగతావాళ్లని వరసలో నిలబడమంది.