“ఏడవకే రూరీ!”

హచినొహె రేవులో చేపలు కోసే తొయోమికి బతుకంతటిలో గొప్పగా చెప్పుకోదగ్గది ఒక్కటే. అదీ ఎవరికీ చెప్పలేదు. పద్దెనిమిదేళ్లప్పుడు ఆమె పాప్ గాయని రూరి కచేరీకి వెళ్లింది. చివరి చరణంలో రూరి గొంతు పూడుకుపోతే, జనంలోంచి ఒక పిల్ల “ఏడవకే రూరీ!” అని అరిచింది. ఆ కేక పాటతోపాటు రికార్డుకెక్కింది. ఆ పిల్ల తనే.

ఆ తర్వాత నలభై ఏళ్లకు రూరి మేటి పాటలన్నీ ఒకే ఆల్బంగా వచ్చాయి. ఊళ్లో అభిమానులంతా కాఫీ హోటల్లో చేరి ముందుగా ఆ పాటే పెట్టించారు. కేక వినబడగానే తొయోమి నోరు తెరవబోయింది.

“ఇన్నాళ్లూ దాచాను గానీ, ఆ గొంతు నాదేనే!” అంది బట్టలు కుట్టే నొబుయె, కళ్లొత్తుకుంటూ.

“సిగ్గులేకపోతే సరి! అరిచింది నేను. మూడు రోజులు గొంతు బొంగురుపోయింది,” అని లేచింది బస్సు నడిపే హగివర.

మూలన ఇంకొకామె అప్పటికే నాదే నాదే అంటూ వెక్కుతోంది.

ఇంటినిండా పాత రికార్డులు పెట్టుకుని, ఇందుకా అందరూ ఎగబడి ఈ ఆల్బం కొన్నది! తొయోమి మాట చల్లారిన కాఫీతో పాటే గొంతు దిగిపోయింది. తను అరిచిన మాట నిజం. రికార్డులో పడింది తన కేకేనని ఎవరు చెప్పారు?

ఇంటికొచ్చాక మొగుడు గెంజో ఆల్బం తిప్పి చూశాడు.

“ఇవన్నీ మనింట్లో ఉన్న పాటలేగా, మళ్లీ ఎందుకే?”

“అందులో ఒక కేక ఉంది.”

“ఎవరిదట?”

“ఎవతో వెర్రిమొహానిది,” అంది తొయోమి, బియ్యం కడుగుతూ.