చచ్చిపోయిన వంటాయన

మొన్న ఎయిర్‌పోర్టుల ఫినాయిల్ వాసనకు, చిన్నప్పుడు అమ్మ ఆపరేషన్‌కు అత్తాపూర్ దవాఖానల ఉన్న రోజులు యాదికొచ్చినయ్.

అప్పుడు మేం టీవీల చూసే సీరియల్ నిండా హత్యలే. అందులో నన్ను నవ్వించే ఒకేఒక్క మనిషి వంటాయన. ఆయన కూడా దవాఖానల చచ్చిపోయిండు. నిజమనుకొని, ఇగ అమ్మ కూడా రాదని అన్నం మానేసిన.

బాపుతో అమ్మ దగ్గరికి పోతుంటే, దారిల సాతంరాయి ఊరి హోటల్ల ఆ సీరియల్ వంటాయనే చాయ్ తాగుతూ కనబడ్డడు!

"నువ్వు దవాఖానల సచ్చిపోలేదా?" అని అడిగిన.

"లేదు బిడ్డా, నయం చేసి పంపిన్రు" అని నవ్విండు.

"మా అమ్మను కూడా పంపుతరా?"

ఆయన నవ్వు ఆగింది. బాపు ముఖం చూసి, "తప్పకుండ పంపుతరు" అన్నడు.

అక్కడే ఇడ్లీలు కడుపునిండా తిన్న. ఆయనకు అమ్మ సంగతేం తెల్వదని పెద్దయినంకనే తట్టింది. అప్పటికి అమ్మ ఎప్పుడో ఇంటికొచ్చేసింది.