కర్టెన్ పట్టుకున్న చెయ్యి

బాపట్లలోని ఒక కాలేజీ గదిలో నా పాత ఫొటో వేలాడుతోంది. దాని కింద ‘తెనాలిలో ఈ ఆటను మొట్టమొదట పూర్తి చేసిన ఆటగాడు’ అని రాసి ఉంది. అది అబద్ధం. పూర్తి చేసింది నేను కాదు. ఆ సంగతి చెప్పవలసిన చోట చెప్పలేదు. దానివల్ల చేతులు మారింది ఆటగాడనే పేరు ఒక్కటే అయితే ఇదంతా రాసేవాణ్ని కాదు.

తెనాలిలో మా వీధి పిల్లలందరం బాబాయ్ అని పిలిచే ఒకాయన తన ఇంటి ముందు గదిలో వీడియో గేముల కొట్టు నడిపేవారు. గోడ వారగా టీవీలు, వాటి ముందు బెంచీలు, ఇంట్లోకి వెళ్లే గుమ్మానికి పూల కర్టెన్. నేను ఇంటర్ తప్పి ఖాళీగా తిరుగుతుంటే, కాసెట్లు మార్చడానికీ కొట్టుకునేవాళ్లను విడదీయడానికీ నన్ను పెట్టుకున్నారు.

ఆ కొట్లో అందరికీ ఇష్టమైనది జంగిల్ కాసెట్. పైన అంటించిన కాగితం ఊడిపోయింది కాబట్టి అసలు పేరు ఎవరికీ తెలియదు. ఒక సైనికుడు అడవిలో బయలుదేరి, మంచుకొండలు దాటి, చివర ఒక కోటలోకి వెళ్లాలి. ఇవాళ ఆపి రేపు అక్కడి నుంచే ఆడుకునే వీలుండేది కాదు. కరెంటు పోతే మళ్లీ అడవిలోంచే. ఆ కోట లోపల ఏముందో చూసినవాళ్లు మా ఊళ్లో లేరు.

శుక్రవారం మధ్యాహ్నం నమాజుకు వెళ్లేముందు బాబాయ్ టీవీలన్నీ ఆపించి, షట్టరు సగానికి దించి, నన్ను కాపలా ఉంచేవారు. జుమ్మా వేళ కొట్లో ఆట నడవకూడదన్నది ఆయన నియమం. ఆయన సందు మలుపు తిరగగానే కర్టెన్ జరిగేది. ఆయన కూతురు వచ్చి బెంచీ మీద కూర్చునేది. నాకంటే పెద్దది, అక్కా అని పిలిచేవాణ్ని. మిగతా రోజుల్లో కర్టెన్ వెనక నుంచి ‘ఏంటా గోల, తల పగిలిపోతోంది’ అని కేకలేసేది. అందుకే కూతురికి ఈ మెషీన్లంటే గిట్టదని బాబాయ్ నమ్మకం.

ఆమె సౌండు పూర్తిగా తగ్గించి ఆడేది.

“సౌండు లేకపోతే వెనక ఎవడొస్తున్నాడో ఎలా తెలుస్తుందక్కా?”

“నువ్వున్నది ఎందుకు? వెనక వచ్చేది మా నాన్నే. నోరు మూసుకుని వీధి చూడు.”

ఒక శుక్రవారం ఆమె కోట దాటింది. సైనికుడు బురుజెక్కి జెండా పాతాడు. వెనక ఆకాశం నలుపు నుంచి ఎరుపుకు మారింది. మేమిద్దరం ఆ ఆకాశాన్నే చూస్తూ ఉండిపోయాం. నేను వీధి చూడడం మరిచిపోయాను. షట్టరు కింద బాబాయ్ చెప్పులు కనబడేసరికి ఆమె జాయ్‌స్టిక్ నా చేతిలో పెట్టి లోపలికి పోయింది.

“నమాజు టైములో టీవీ వేశావేంట్రా?” అంటూ వచ్చిన మనిషి తెర చూసి ఆగిపోయారు. “అయిపోయిందా ఇది? నువ్వేనా?”

నేను తలూపాను.

ఆయన పక్కనే ఉన్న స్టూడియో ఆయన్ని పిలుచుకొచ్చి, నన్ను టీవీ పక్కన నిలబెట్టి ఫొటో తీయించి గోడకు తగిలించారు. ఆ రోజు తలూపడం తప్పని ఇప్పటికీ అనుకోను. ఆమెకు తిట్లు తప్పాయి. తర్వాతి వారం ఆమె కూడా “ఏంటి వీరుడా, దండ తెమ్మంటావా?” అని నవ్వింది.

అసలు తప్పు కొన్నాళ్లకు జరిగింది. ఇళ్లలోకే గేములు వచ్చేయడంతో కొట్లో జనం పలచబడ్డారు. బాబాయ్ ఆ గదిలో కంప్యూటర్ సెంటర్ పెట్టాలనుకున్నారు. ఒకరిని గుంటూరు పంపి కోర్సు చేయించి, వాళ్ల చేతే సెంటర్ నడిపించాలని ఆయన ఆలోచన. అక్క చుండూరులో మేనత్త ఇంటికి వెళ్లిన రోజున, కొట్లో మేమిద్దరమే ఉండగా నన్ను అడిగారు.

“మా అమ్మాయిని పంపుదామని ఉందిరా. డిగ్రీ అయింది, ఊరికే ఉంటోంది. కానీ దానికి ఈ మెషీన్లంటే చిరాకు. నువ్వు రోజూ ఇక్కడే ఉంటావుగా, దానికి వస్తుందంటావా?”

ఆయన సిద్ధంగానే ఉన్నారు. నేను ఒక్క మాటంటే చాలు. కానీ ఆమె వెళ్లకపోతే వెళ్లేది నేనేనని నాకు తెలుసు.

“ఏమో బాబాయ్” అన్నాను.

ఆయన గోడ మీది ఫొటో వైపు చూసి, “అయితే నువ్వే వెళ్లు” అన్నారు.

వెళ్లాను. వచ్చి సెంటర్ నడిపాను. తర్వాత సొంతంగా పెట్టుకున్నాను. ఊళ్లో నన్ను కంప్యూటర్ సార్ అంటారు. ఆమెకు రేపల్లె సంబంధం కుదిరింది. బాబాయ్ పోయాక ఆ గది ఖాళీ చేస్తుంటే ఆ ఫొటో, జంగిల్ కాసెట్ నా దగ్గరకు చేరాయి.

ఈ మధ్య బాపట్ల నుంచి కొందరు విద్యార్థులు వచ్చారు. ఎక్కడో విదేశంలో ఒక మ్యూజియంవాళ్లు ప్రపంచాన్ని ప్రభావితం చేసిన వీడియో గేములను ఏటా ఎంపిక చేసి హాల్ ఆఫ్ ఫేమ్‌లో చేరుస్తారట. మన ఊళ్లలో ఆడిన ఆటలకు కాలేజీలో ఒక గది కేటాయించి అదే పని తామూ చేస్తున్నామన్నారు. ఈసారి జంగిల్ కాసెట్‌ను ఎంచుకున్నారు. ఫొటో, కాసెట్ అడిగితే ఇచ్చాను. అప్పుడైనా చెప్పి ఉండవచ్చు. ముఖ్య అతిథిగా రమ్మన్నారు, చెప్పలేదు.

వెళ్లేసరికి గాజు పెట్టెలో కాసెట్, పక్కన నా ఫొటో. ఆటను ఎంతమంది ఆడారన్నది కాదు, అది ఎవరి జీవితాన్ని ఎటు తిప్పిందన్నదే చూశామని ఒక అమ్మాయి అందరికీ వివరించింది. ఉదాహరణగా నన్ను చూపించింది. అందరూ చప్పట్లు కొట్టారు. తర్వాత ఆ అమ్మాయే ఫొటోకు దగ్గరగా వంగి చూసింది.

“సార్, ఈ కర్టెన్ పట్టుకున్న చెయ్యి ఎవరిదండి?”

అన్నేళ్లుగా నా దగ్గరున్న ఫొటోలో నేను నన్ను తప్ప ఏదీ చూసుకోలేదు. కర్టెన్ అంచున నాలుగు వేళ్లు, ఒక గాజు.

“ఎవరో ఇంట్లోవాళ్లమ్మా” అన్నాను. అంటూండగానే నా మొహం నాకే అసహ్యమనిపించింది.

మర్నాడు రేపల్లె రైలెక్కాను. అక్కా, ఆమె భర్తా అక్కడ ఫ్యాన్సీ కొట్టు నడుపుతున్నారు. ఆమె నన్ను గుర్తుపట్టి స్టూలు జరిపింది. సెల్‌ఫోన్లో ఫొటో చూపించి, బాపట్ల సంగతంతా చెప్పి, కింద రాసింది మార్పిస్తానన్నాను. కళ్లజోడు పైకి తోసుకుని చాలాసేపు చూసింది.

“మార్పించు తమ్ముడూ. మా కోడలికి చూపిస్తా. టీవీ రిమోటు ముట్టుకుంటే పాడుచేస్తానంటుంది నన్ను” అని నవ్వింది. ఫోను తిరిగి ఇస్తూ, “నాకు ఆట మీద బాధ లేదురా. కంప్యూటర్ కోర్సుకు నిన్ను పంపినప్పుడే బాధేసింది. ఇంట్లో నేనొకదాన్ని ఉన్నానని మా నాన్నకు గుర్తే రాలేదు. ఆ కోపంతో పెళ్లయ్యాక కూడా కొన్నాళ్లు ఆయనతో సరిగ్గా మాట్లాడలేదు” అంది.

నేను ఫొటో సంగతి ఒక్కటే చెప్పి తిరిగి వచ్చేసే అవకాశం అక్కడ కూడా ఉంది. ఆమె నవ్వుతోంది, టీ తెప్పిస్తోంది.

“గుర్తొచ్చావక్కా” అన్నాను. “ముందు నీ పేరే అన్నారు. నీకు వస్తుందా అని నన్నే అడిగారు. నీకు నాకంటే బాగా వస్తుందని తెలిసి కూడా ఏమో అన్నాను. నేను వెళ్లాలనే అలా అన్నాను. బాబాయ్ తప్పేం లేదు. నీ చదువూ, నీ సెంటరూ నేను తీసుకున్నాను. ఇన్నాళ్లూ నీ కోపం ఆయన మీద ఉండనిచ్చాను. నన్ను క్షమించక్కా.”