పసుపు పూసిన హ్యాండిల్

మొన్నటి ఈదురుగాలికి మా స్టార్మ్ డోర్, అదే, చెక్క తలుపుకి బయటవైపు చలీ గాలీ ఆపడానికి బిగించే అద్దాల తలుపు, విసురుగా వెళ్ళి గోడకి కొట్టుకుని దాని హ్యాండిల్ విరిగి కిందపడింది. అమ్మాయికి ఫోన్ చేస్తే, "అమ్మా, నువ్వు టచ్ చేయకు, వీకెండ్ నేనొచ్చి ఫిక్స్ చేస్తా, ఇంత చిన్నదానికి ఎందుకు టెన్షన్?" అని నవ్వింది. ఎనిమిది నెలల పిల్లగా తను ఇదే తలుపుకి అవతల కూర్చున్న ఆ పొద్దు దానికేం గుర్తుంటుంది? నాకు మాత్రం ఆ చల్లటి లోహం అరచేతిలో పడగానే అదంతా మళ్ళీ కళ్ళముందు తిరిగింది.

ఈ దేశం వచ్చి హెర్న్‌డన్ ఊళ్ళో ఈ ఇల్లు కొనుక్కున్న మొదటి చలికాలంలోనూ ఇలాంటి గాలికే హ్యాండిల్ విరిగింది. మావారు ఆఫీసులో ఎంత పెద్ద ప్రోగ్రాములు రాసినా ఇంట్లో మేకు కొట్టమంటే వేలిమీద కొట్టుకునే రకం. అలాంటి మనిషి ఒక గురువారం సాయంత్రమంతా కూర్చుని కొత్త హ్యాండిల్ బిగించి, రెండు స్క్రూలు మిగిలినా సరే, యుద్ధం గెలిచినట్టు నవ్వారు. మన తరం ఆడవాళ్ళకి చెప్పేదేముంది, ఇంట్లోకి కొత్త వస్తువొస్తే, అది కారైనా వాక్యూమ్ క్లీనరైనా, పసుపు బొట్టు పడాల్సిందే. మర్నాడు శుక్రవారం కూడా కలిసొచ్చింది.

ఆయన ఆఫీసుకి వెళ్ళాక తలంటు పోసుకుని, పిల్లని హాల్లో బొమ్మల మధ్య కూర్చోబెట్టి, నేల కింది గది, బేస్‌మెంట్‌లోంచి బియ్యప్పిండి డబ్బా తెచ్చుకున్నాను. ఆ తొందరలో బేస్‌మెంట్ మెట్ల తలుపు వెయ్యడం మరిచాను. చెక్క తలుపు తీసే ఉంచి, అద్దాల తలుపు తెరిచి పట్టుకుని, బయటివైపు హ్యాండిల్‌కి, బొటనవేలితో నొక్కే మీట సందుల్లోకి దిగేలా తడి పసుపు దట్టంగా పూసి, కుంకుమ బొట్లు పెట్టి, చెప్పులతో ముగ్గెలా వేస్తామని ఉత్త కాళ్ళతో మెట్టు దిగాను. తలుపు దానంతటదే మూసుకుంది. పలచటి మంచు ఊడ్చి, వేళ్ళు కొంకర్లు పోతున్నా నాలుగు గీతల ముగ్గేసి, మురిపెంగా చూసుకుని వెనక్కి తిరిగి మీట నొక్కితే అది కదల్లేదు. ఎముకలు కొరికే ఆ చలిలో తడి పసుపు గడ్డకట్టి మీటని పట్టేసింది.

రెండు బొటనవేళ్ళతో నొక్కాను, గోళ్ళతో గీకాను, చీర చెంగుతో రుద్దాను, నోటి ఆవిరి ఊదాను. వెనక తలుపుకి రాత్రే గడియ పెట్టింది నేనే. అద్దంలోంచి లోపలంతా కనిపిస్తోంది, బార్లా తెరిచి ఉన్న మెట్ల తలుపుతో సహా. మా అమ్మాయి నేనేదో ఆట ఆడుతున్నాననుకుని, పాకుతూ వచ్చి అద్దానికి అరచేతులు ఆనించి కిలకిలా నవ్వింది. అద్దం పగలగొడదామంటే దానికి ఆనుకునే పిల్ల. వెళ్ళి ఎవరినైనా పిలుద్దామంటే, నేను కనబడకపోతే వెతుక్కుంటూ అది ఎటు పాకుతుందో!

అరిచాను. అప్పటికి నాకున్న నాలుగు ఇంగ్లిష్ ముక్కలూ ఎగిరిపోయి, "ఎవరైనా రండీ, నా పిల్ల, నా పిల్ల" అని తెలుగులోనే గొంతు చించుకున్నాను. నా కేకకి బెదిరి పిల్ల ఏడుపందుకుని వెనక్కి తిరిగింది, సరిగ్గా ఆ మెట్లవైపే. ప్రాణం పోయిందనుకున్నాను. అద్దం మీద వేళ్ళతో దరువేసి, నోటికొచ్చిన పాటేదో పాడితే మళ్ళీ ఇటు తిరిగింది. ఇక నా పనల్లా అదే, వీధివైపు తిరిగి ఏడవడం, అద్దంవైపు తిరిగి నవ్వడం. కాళ్ళు ముందు మండాయి, తర్వాత ఉన్నాయో లేవో తెలియలేదు. నా చేతులతో నేనే పిల్లని చంపుకుంటున్నానన్న మాట ఒక్కటే తలలో తిరిగింది. ఆ పది నిమిషాల్లో మొక్కని దేవుడు లేడు. కాసేపటికి పిల్లకి నా ఆట విసుగుపుట్టి, మళ్ళీ తిరిగి పాకడం మొదలుపెట్టింది, ఈసారి పాటకీ ఆగలేదు.

అప్పుడొచ్చింది ఎదురింటి పెద్దావిడ. ఒంటరి మనిషి, రోజూ కిటికీ దగ్గర కాఫీ కప్పుతో కూర్చునేది. నన్ను చూసి చెయ్యూపితే, పలకరిస్తే ఏం మాట్లాడాలో తెలియక నేను గబగబా లోపలికి పోయేదాన్ని. ఇప్పుడు ఇంట్లో తొడుక్కునే పొడుగు కోటుతో, చేతిలో ఆ కప్పుతోనే రోడ్డు దాటి వచ్చింది. నేను పిల్లనీ, మెట్లనీ, మీటనీ వేలితో చూపించాను. ఆవిడ ఆ పసుపుని గోటితో ఒకసారి గీకి, తాగుతున్న వేడి కాఫీ దానిమీద ఒంపేసింది. ఒకసారి నొక్కితే కదిలింది, రెండోసారికి తెరుచుకుంది. నేను వెళ్ళి పట్టుకునేసరికి పిల్ల ఒక చెయ్యి పైమెట్టు అంచు మీద ఉంది.

ఎంగిలి కాఫీతో పసుపు కడగడమేమిటని మా అత్తగారైతే ముక్కున వేలేసుకునేవారు. నా మటుకు అంతకు మించిన అభిషేకం ఎక్కడా చూడలేదు. నా పాదాలు ఒళ్ళో పెట్టుకుని తువ్వాలుతో రుద్దుతూ ఆవిడ చాలా చెప్పింది. నాకర్థమైంది ఒక్కటే, రోజూ ఆ కిటికీలోంచి నిన్ను చూస్తూనే ఉంటాను అని. ఆ తర్వాత ఆవిడున్నన్నాళ్ళూ మా ఇంట్లో ఇడ్లీ దిగితే మొదటి వాయి ఆవిడకే వెళ్ళేది.

శనివారం అమ్మాయి వచ్చి కొత్త హ్యాండిల్ బిగించి, పక్కన కెమెరా కూడా పెట్టింది, ఎవరొచ్చినా ఫోన్లోనే కనిపిస్తారట. నేను బొట్టు పెట్టాను, పొడి పసుపుతో, అదీ లోపలివైపే. పెద్దావిడ పోయి చాలా ఏళ్ళయింది. ఆ ఇంట్లో ఇప్పుడు చిన్న జంట ఉంటున్నారు, గడపకి అంటించిన స్టిక్కర్ ముగ్గు చూసి మనవాళ్ళేనని పోల్చుకున్నాను. పాకే పిల్లాడున్నాడు. కారు గరాజ్‌లోకి పోతుంది, తలుపు దిగుతుంది, ముందు తలుపు పార్సిళ్ళకి తప్ప తెరుచుకోదు. ఈ వీధిలో ఇప్పుడు ప్రతి గుమ్మానికీ ఒక కెమెరా ఉంది, కిటికీ దగ్గర మాత్రం ఒక్కరూ కూర్చోరు. నిన్న చెయ్యూపితే ఆ పిల్లాడి తల్లి గబగబా లోపలికి వెళ్ళిపోయింది. నాకు కోపం రాలేదు, నన్ను నేనే చూసుకున్నట్టయింది.

అందుకే ఈమధ్య పొద్దున్నే కాఫీ కలుపుకుని ఈ అద్దం వెనక కుర్చీ వేసుకుని కూర్చుంటున్నాను. కప్పులో కాస్త వేడి కాఫీ ఎప్పుడూ మిగిల్చే ఉంచుతున్నాను.