అమ్మ మందు అనుకున్న మాట

మా చెల్లెలు పుట్టేనాటికి నాకు తొమ్మిదేళ్ళు. అప్పుడు మేము సోలాపూర్‌లోని దాజీ పేట్‌లో ఒకే గది ఇంట్లో ఉండేవాళ్ళం. గదిలో సగం నాయన మగ్గానిది. మిగిలిన సగంలోనే నాయనమ్మ, అమ్మ, నేను, పొయ్యి, నీళ్ళ కుండలు అన్నీ సర్దుకునేవాళ్ళం. మిల్లు భోంగా కూత పెట్టకముందే అమ్మ లేచేది. జొన్నరొట్టెలు చేసి, పడుగుకు గంజి కాచి, రాట్నం ముందు కూర్చుంటే పొద్దు గూకేదాకా కండెలు చుడుతూనే ఉండేది. పగటిపూట ఆమె నడుం వాల్చడం నేను ఎన్నడూ చూడలేదు.

చెల్లెలు పుట్టిన మూడో రోజు అమ్మకు జ్వరం వచ్చింది. మంత్రసాని చేతులెత్తేసింది. నాయన వెళ్ళి దవాఖానా నుంచి ఒక మరాఠీ నర్సమ్మను పిలుచుకొచ్చాడు. ఆమె అమ్మ చేయి పట్టుకొని చూసింది, కంటి కింది రెప్పలు లాగి చూసింది. తర్వాత అందరికీ వినబడేలా, "తులా విశ్రాంతీ పాహిజే, బాయీ" అన్నది. ఆ మాటే నాయనమ్మ వైపు తిరిగి ఒకసారి, నాయన వైపు తిరిగి మరోసారి చెప్పింది. పిల్లకు ఇరవై రోజులు నిండకముందే మంచం దిగితే తనది పూచీ కాదని కూడా చెప్పి వెళ్ళిపోయింది.

నేను అప్పటికి రెండేళ్ళు మరాఠీ బడికి పోయాను. అమ్మ నన్ను దగ్గరకు పిలిచి మెల్లగా అడిగింది.

"గా విశ్రాంతి అనే మందు యాడ దొరుకుతదట? మీ నాయనకు చెప్పిందా?"

"మందు కాదమ్మా. పని జెయ్యకుంట ఊకె ఆరాంగ పండుకునుడు. దాన్నే గట్లంటరు."

అమ్మ ఆ మాటను పెదవులతోనే రెండుసార్లు అనుకున్నది.

"ఊకె పండుకునుటానికి గంత మంచి మాటున్నదా?" అన్నది.

ఆ ఇరవై రోజులు అమ్మ నిజంగానే పడుకుంది. నాయనమ్మ వంట చూసుకుంది. కండెలు నా మీద పడ్డాయి. నాయన మగ్గం ఆగకూడదు కదా. పొద్దున కూర్చుంటే లేచేసరికి నా నడుం పట్టేసేది, నూలు ఒరుసుకుని వేళ్ళ మధ్య చర్మం లేచేది. బడి మానేశాను. మళ్ళీ వెళ్ళనేలేదు. మంచం మీద పిల్లను పక్కలో వేసుకొని నిద్రపోతున్న అమ్మను చూస్తే నాకు కోపం వచ్చేది. ఆ కోపం గురించి ఎవరికీ చెప్పలేదు.

ఇరవై ఒకటో రోజు తొట్టెల. పిల్లకు తన అత్తగారి పేరు పెట్టాలని నాయనమ్మ ముందే నిర్ణయించింది. తొట్టెల దగ్గర చెవిలో పేరు చెప్పేది మేనత్త గనుక, ఆమెకు ఆ పేరు వల్లె వేయించింది కూడా. మేనత్త పిల్ల మీదికి వంగుతుండగా అమ్మ ఆమె చేయి పట్టుకుంది.

"వదినా, విశ్రాంతి అని చెప్పు."

అందరూ ఆమె వైపు చూశారు. నాయనమ్మకు మొదట అర్థం కాలేదు. అర్థమయ్యాక, "పండుకునుడుకు ఉన్న పేరు పిల్లకు పెడతరా ఎవలన్న? నేత ఇంట్ల గసొంటి మాట జెప్పొద్దు" అన్నది.

పూజకు వచ్చిన అయ్యగారిని అడిగారు. ఆయన, ఆ మాటలో తప్పు లేదని, అది ఒక్క మరాఠీ మాటే కాదని, మన తెలుగులోనూ ఉన్నదని చెప్పాడు. అయితే ఆ పేరుతో ఎవరినీ పిలవగా తాను వినలేదన్నాడు. మన తెలుగులో ఉన్నదనగానే అమ్మ ఆశ్చర్యపోయింది. ఆమె పుట్టిన కరీంనగర్ పల్లెలో గానీ, మా సందులో గానీ ఆ మాటను ఎవరూ వాడగా ఆమె వినలేదు.

చివరకు నాయన, "పిలిచేది నువ్వే గద. నీకేది మంచిగనిపిస్తె గది పెట్టు" అన్నాడు. మేనత్త పిల్ల చెవిలో ఆ పేరే చెప్పింది.

నాయనమ్మ మాత్రం చచ్చేదాకా ఆ పిల్లను "చిన్నదాన" అనే పిలిచింది. ఇరుగుపొరుగు వాళ్ళు నవ్వేవాళ్ళు. చెల్లెలికి నాలుగైదేళ్ళు రాగానే ఆమె కూడా కండెలు అందించడం మొదలుపెట్టింది. "విశ్రాంతీ, గా కండె తే. విశ్రాంతీ, పొయ్యిల కట్టె పెట్టు" అని అమ్మ పిలుస్తుంటే పక్కింటావిడ గడపలో నిలబడి, "మీ ఇంట్ల విశ్రాంతికే పనెక్కువ" అనేది. అమ్మ కూడా నవ్వేది. అయినా ఆ పేరును ఏనాడూ పొట్టి చేయలేదు. ఎంత అలసిపోయి ఉన్నా మూడక్షరాలనూ సాగదీసి పూర్తిగా పలికేది.

నాకు ఏ రోజూ రాని ప్రశ్న ఒకనాడు వచ్చింది. నీ పేరు నీకు ఇష్టమేనా అని చెల్లెల్ని అడిగాను.

"మంచిగనే ఉన్నది అక్కా. గా పేరు పిలిచేటప్పుడు అమ్మ గొంతు జర మెత్తగైతది. నీ పేరు పిలిస్తె గట్ల గాదు" అన్నది.

అది నిజమే.

నా పెళ్ళయి ఊళ్ళోనే ఉన్న జోడ్‌భావి పేట్‌కు వెళ్ళిన కొన్నేళ్ళకు తెల్లవాళ్ళ యుద్ధం మొదలైంది. రాను రాను నూలు దొరకడం కష్టమైంది. సర్కారు ఇచ్చినంతే తీసుకోవాలి, అది పది రోజులకే అయిపోయేది. మా పుట్టింట్లో మగ్గం వారాల తరబడి ఆగిపోయింది. నేను చూడటానికి వెళితే, నాయన మగ్గం గుంటలో కాళ్ళు పెట్టుకొని, చేతులు ఒళ్ళో వేసుకొని కూర్చుని ఉన్నాడు.

నాయనమ్మకు అప్పటికి చూపు మందగించింది. నోరు మాత్రం తగ్గలేదు. "గా పేరు పిలిచి పిలిచి మగ్గాన్నే పండవెట్టినవు" అన్నది అమ్మతో, నా ముందే. అమ్మ పిండి కలుపుతూనే ఉన్నది. కాసేపటికి నీళ్ళు కావలసి వచ్చి తల ఎత్తకుండానే, "చిన్నదాన, నీళ్ళు తే" అని పిలిచింది.

చెల్లెలు గడప దగ్గరే నిలబడిపోయింది. ఆమెకు అప్పుడు పన్నెండేళ్ళు.

నాయన మాత్రం గుంటలోంచి కదలకుండా అన్నాడు: "పిల్లను పేరు పెట్టి పిలువరాదా? నూలు రాకపోతె అది పిల్ల తప్పా?"

అమ్మ మరునాటి నుంచి మళ్ళీ ఆ పేరుతోనే పిలిచిందని చెల్లెలు తర్వాత చెప్పింది.

పదహారో ఏట చెల్లెలి పెళ్ళి చేశారు. మగపెళ్ళివాళ్ళూ మన నేతవాళ్ళే, కానీ మూడు తరాలుగా సోలాపూర్‌లో ఉన్నవాళ్ళు. మరాఠీ వాళ్ళలాగే పెళ్ళినాడు కోడలికి కొత్త పేరు పెట్టే ఆనవాయితీ వాళ్ళకుండేది. పళ్ళెంలో బియ్యం పోసి, పెళ్ళికొడుకు ఉంగరంతో అందులో ఆ పేరు రాస్తాడు. చెల్లెలి అత్తగారు మంచి మనిషి. అమ్మను పక్కకు పిలిచి ముందే చెప్పింది. "ఏమనుకోకు వదినా. కోడలు ఇంటికి రాంగనే విశ్రాంతి అంటె నలుగురు నవ్వుతరు. దేవి పేరు పెట్టుకుంటం."

పెళ్ళికొడుకు వంగి రాస్తుంటే అమ్మ నా పక్కనే నిలబడి ఉంది. ఆమెకు చదువు రాదు.

"ఏం రాసిండు?" అని అడిగింది.

చదివి చెప్పాను.

"మంచి పేరే" అన్నది.

ఆరు నెలల తర్వాత నేను చెల్లెలి ఇంటికి వెళ్ళాను. వాకిట్లో ఆమె గిన్నెలు తోముతోంది. నేను పాత పేరుతోనే పిలిచాను. ఆమె ముందు లోపలికి చూసి, తర్వాత నా దగ్గరకు వచ్చి, "అక్కా, గా పేరు ఈడ పిలువకు. మా ఆడబిడ్డలు రెండు దినాలు ఎక్కిరిస్తరు" అన్నది. ముఖంలో బాధ లేదు. పని మధ్యలో లేచి వచ్చిన తొందర మాత్రమే ఉంది. సరేనన్నాను.

ఆ ఏడాదే నాకు రెండో ఆడపిల్ల పుట్టింది. అమ్మ దాజీ పేట్ నుంచి నడిచి వచ్చింది. పిల్లను ఒళ్ళో పెట్టుకొని కూర్చుంది.

"ఏం పేరు అనుకుంటున్నరు?" అని అడిగింది.

ఆమె ఏ మాట వినాలనుకుంటున్నదో నాకు తెలుసు. నా నోటి దాకా వచ్చింది కూడా. కానీ మా అత్తకు చెప్పాలి, ఆయనకు చెప్పాలి, తొట్టెలనాడు పదిమందికి అర్థం చెప్పాలి. పురుడు వచ్చి అప్పటికి ఆరు రోజులే. పెద్దపిల్లకు దగ్గు, మా ఇంట్లో రెండు మగ్గాలు. ఒక పేరు కోసం అంత మాట్లాడే ఓపిక నాలో లేదు.

"మా అత్త తల్లి పేరు అనుకుంటున్నరమ్మా" అన్నాను.

అమ్మ తల ఊపింది. పిల్ల నుదుటి మీద చెయ్యి వేసి, కాసేపు ఉంచి, తీసింది. ఇంటి దగ్గర పడుగు ఆరబెట్టి వచ్చానని చెప్పి, ఎండ తగ్గకముందే వెళ్ళిపోయింది.