దెబ్బ తగలకుండా పడేవాణ్ణి

వరసగా మూడేళ్లు రాష్ట్ర బాక్సింగ్ ఛాంపియన్‌ని. ఆ సంగతి ఇప్పుడు ఎవడికీ గుర్తులేదు. హీరో చేతిలో తన్నులు తినే బట్టతల రౌడీ అనండి, దాచేపల్లి నుంచి సింగరాయకొండ దాకా ఎవరైనా నన్ను గుర్తుపడతారు. నా బతుక్కి మిగిలిన పేరు అది.

నాకు బాక్సింగ్ నేర్పింది నల్లపాడులో పరుపులు కుట్టే ఒక పెద్దాయన. దూదేకడం ఆయన తాతల నాటి పని. రైలు పట్టాల పక్కన రేకుల షెడ్డు వేసి, పరుపులకు పనికిరాని దూదిని గోతాల్లో కుక్కి, పంచింగ్ బ్యాగులు తనే కుట్టుకున్నారు. మాస్టారూ అని పిలిచేవాళ్లం. ఫీజు లేదు, తిట్లు మాత్రం బోలెడు.

సినిమాల్లోకి వెళ్లాక మొదటి రోజు షూటింగులో హీరో గుద్దు విసిరాడు. అలవాటు కొద్దీ తల పక్కకు తప్పించాను. ఆయన నా మీదుగా వెళ్లి బోర్లా పడ్డాడు. ఫైట్ మాస్టరు అందరి ముందూ నన్ను కడిగేశాడు.

"నువ్వు ఛాంపియన్‌వైతే నీ ఇంటికాడ చూపించుకో. ఆయన చెయ్యి జానెడు దూరంలో ఆగుద్ది, నీ తల మాత్రం ఎగిరిపోవాల. అంతే నీ పని."

ఒళ్లు మండింది. అయినా నేర్చుకున్నాను. చెయ్యి లేవగానే మెడ తిప్పడం, గాల్లోకి ఎగరడం, బల్ల మీద పడి బల్ల విరగ్గొట్టడం. పదిహేనేళ్లు అదే పని చేశాను. బాగా చేశాను కూడా, ఎందుకు దాచాలి.

తర్వాత కొత్తవాళ్లు వచ్చారు, నాకు ఫోన్లు ఆగిపోయాయి. సరిగ్గా అప్పుడే మాస్టారికి దూది దుమ్ముతో ఆయాసం పట్టుకుందనీ, షెడ్డు ఎవరికైనా అప్పగించాలనుకుంటున్నారనీ తెలిసింది. నాకు తలెత్తుకుని నిలబడటానికి మిగిలిన చోటు అదొక్కటే. అది నాకే రావాలి అనుకుంటూ బస్సు దిగి తిన్నగా అక్కడికే పోయాను.

షెడ్డులో ఆయనతో పాటు ఒక బడిలో డ్రిల్లు టీచరుగా చేసే అమ్మాయి ఉంది. నా తర్వాత ఆయన దగ్గర నేర్చుకున్న మనిషి. నేను వచ్చిన పని చెప్పాను. మాస్టారు లేచి, "చేతులెత్తు," అన్నారు.

ఎత్తాను. వట్టి అరచేయి నా ముఖం మీదికి విసిరారు. అది సగం దూరమైనా రాకముందే నా మెడ తిరిగిపోయింది, కాళ్లు లేచిపోయాయి, వెళ్లి రేకు గోడకు కొట్టుకున్నాను. "మళ్లీ," అన్నారు. మళ్లీ అంతే. మూడోసారి పళ్లు బిగించి నిలబడదామనుకున్నాను. నా వల్ల కాలేదు.

"నేను నిన్ను తాకనన్నా లేదు కదరా," అన్నారు. కోప్పడినా బాగుండేది. "రేపు పిల్లలు నిన్ను చూసే నేర్చుకుంటారు. ఇది నేర్చుకుని రింగులోకి పోతే చస్తారు."

"ఒక్క నెల ఆగండి మాస్టారూ, మానుకుంటాను."

మాస్టారు షెడ్డు తాళంచెవి తీసి ఆ అమ్మాయి చేతిలో పెట్టారు. "మీరు అప్పుడప్పుడు వచ్చి చూస్తుండండి అన్నా," అంది ఆమె. ఆ మర్యాద భరించలేక వెనక్కి తిరిగాను.

బయటికొచ్చేసరికి మిర్చి బస్తాలతో యార్డుకు పోతున్న ఆటో ఆగింది. ఇద్దరు హమాలీలు దిగారు. "అన్నా, నేనొకటి కొట్టినట్టు చేస్తా, నువ్వు పడతావా? మా ఇంట్లోవాళ్లకి చూపిచ్చుకుంటా," అన్నాడు ఒకడు. రెండోవాడు అప్పటికే ఫోను తీశాడు.

పొమ్మనాల్సింది. షెడ్డు గుమ్మంలో మాస్టారు నిలబడి చూస్తున్నారు, నాకు కనపడుతూనే ఉంది. వాడు చెయ్యెత్తాడు. నేను పడ్డాను.

"సరిగ్గా రాలేదన్నా, ఇంకోసారి," అన్నాడు ఫోను పట్టుకున్నవాడు.

లేచి, చొక్కా దులుపుకుని, ఇంకోసారి పడ్డాను.