కోటకు వెళ్ళే బస్సు

ఇన్నేళ్ళుగా ఒక మాట నా లోపల ఉండిపోయింది. చిన్నదే. పలకడానికి నిమిషం పట్టదు. ఎవరికీ చెప్పకుండా దాన్ని మోయడానికి మాత్రం నా బతుకులో సగం సరిపోయింది. మీరెవరో నాకు తెలియదు. అందుకే మీతో చెప్పగలుగుతున్నానేమో.

డెబ్బైల్లో అరకులో గిరిజన ఆడపిల్లల ఆశ్రమ పాఠశాలలో పంతులమ్మగా పనిచేశాను. పెళ్ళి కాలేదు. సెలవులకి వెళ్ళడానికి ఇల్లంటూ లేదు. సాయంత్రం పిల్లలు అన్నాలు తిని గదుల్లోకి వెళ్ళిపోతే, రేకుల మీద వాన చప్పుడు వింటూ కూర్చునేదాన్ని. అలాంటప్పుడు నూకరత్నం వచ్చింది. కొత్త టీచరు, నా పక్క గది. వచ్చిన వారానికే నన్ను అక్కా అనడం మొదలుపెట్టింది.

రత్నం దగ్గర వాళ్ళ అన్నయ్య ఇచ్చిన పాత డబ్బా కెమెరా ఉండేది. ఘాట్ దిగి, శృంగవరపుకోటలో ఇంకో బస్సు మారితే, ఒక గుట్ట మీద పాత రాజుల కోట ఉందని చెప్పింది. సగం కూలిపోయిందట. ఒక శనివారం బయల్దేరి, ఆదివారం ఫొటోలు తీసుకుని వచ్చేద్దామనుకున్నాం. అనుకోవడంలోనే వానాకాలం చాలావరకు గడిచింది. ఏ గోడ ఏ ఎండలో బాగుంటుంది, చీరలతో బురుజు ఎక్కగలమా, పులిహోర కట్టుకెళ్తే మర్నాటికి నిలుస్తుందా... ఇంకా చూడని కోటలో మేమిద్దరం రోజూ తిరిగేవాళ్ళం. నా జీవితంలో అంత సంతోషంగా ఉన్న రోజులు వేరే లేవు.

ఆ కోట కింద ఊళ్ళోనే రత్నం పెద్దమ్మ ఉండేది. రత్నం చంటిపిల్లగా ఉండగానే తల్లి పోయింది. ఫొటో ఒక్కటీ లేదు. తండ్రి ఆ ఇంటితో రాకపోకలు తెంచేసుకున్నాడు. పెద్దమ్మది అచ్చం అమ్మ ముఖమేనని అందరూ అనేవారట. ఆ ముఖాన్ని రత్నం ఎన్నడూ చూడలేదు. తండ్రి కూడా పోయాక, ఒకసారి వచ్చి వెళ్ళమని పెద్దమ్మే కబురు పెట్టింది. రీలులో మొదటి ఫొటో ఆవిడదేనని రత్నం ముందే తేల్చేసింది.

ఒక సాయంత్రం, పెద్దమ్మ ఉండిపొమ్మంటే అక్కడి బడికే బదిలీ పెట్టుకుంటానంది. నవ్వుతూనే అంది. నేనూ నవ్వాను. కానీ ఆ మాట విన్నప్పటి నుంచి కోట పేరెత్తితే నేను మాట మార్చేదాన్ని.

ఆ వారమే పన్ను పీకించుకోవడానికి నేను శృంగవరపుకోట వెళ్ళాల్సి వచ్చింది. కోట బస్సు ఏ వేళకుందో కనుక్కు రమ్మంది రత్నం. బస్టాండులో ఆ బస్సు నా ఎదురుగానే ఆగి ఉంది. కండక్టరు ఆ ఊరి పేరు పెట్టి కేకేస్తున్నాడు. ఎక్కుతావా అమ్మా, బేగి రా అన్నాడు నన్ను చూసి. తల అడ్డంగా ఊపాను.

తిరిగొచ్చేసరికి రత్నం వరండాలో నిలబడి ఉంది. నా నోట్లో ఇంకా దూది ఉంది.

“బస్సు సంగతి ఏటయిందక్కా?”

“నడవట్లేదట. దారిలో కల్వర్టు కొట్టుకుపోయిందట. వానలు వెలిసేదాకా లేదన్నాడు.”

రత్నం నా చేతిలో సంచీ అందుకుంది.

“పోన్లే అక్కా. అంత నొప్పితో కూడా అడిగొచ్చేవు. వానలకి నువ్వేటి సేత్తావు?”

ఆ పూట నాకు గంజి కాచి పెట్టింది. తాగాను.

ఎందుకలా చెప్పాను? వెళ్ళొద్దని అడగొచ్చు కదా. నువ్వు వెళ్ళిపోతే నాకెవరూ లేరని ఒక్క మాట అనొచ్చు కదా. అలా అడిగితే జాలిపడుతుందని సిగ్గుపడ్డాను. అబద్ధానికి మాత్రం సిగ్గు అడ్డం రాలేదు.

వానలు వెలవకముందే పెద్దమ్మ పోయింది. కబురు తెచ్చిన బంధువు, పొద్దున్న తమ ఊళ్ళో బస్సెక్కానని మాటల్లో అన్నాడు. రత్నం నా వైపు చూసింది. కండక్టరు నాకు తప్పు చెప్పి ఉంటాడన్నాను, ఎవరూ అడక్కుండానే. అవునక్కా, అలాగే అయ్యుంటాది అంది. రత్నం ఆ ఊరికి బయల్దేరుతుంటే, కెమెరా తీసుకెళ్ళమన్నాను. ఏదో ఒకటి అనాలని అన్నాను.

“ఎవర్ని తియ్యాలక్కా?” అంది.

తిరిగొచ్చాక మామూలుగానే మాట్లాడేది. కోట మాట మాత్రం మళ్ళీ ఎత్తలేదు. సాయంత్రాలు తన గదిలోనే ఉండేది. వేసవి సెలవులకి మైదాన ప్రాంతానికి బదిలీ చేయించుకుని వెళ్ళిపోయింది. ఉత్తరం రాయలేదు. నేనూ రాయలేదు.

ఆమెకు తెలిసిందా? తెలిసే ఊరుకుందా? తెలియకపోతే బాగుండునని కొన్నాళ్ళు, తెలిసి తిట్టుకున్నా బాగుండునని కొన్నాళ్ళు అనుకుంటూ వచ్చాను. రెండూ నా కోసమే అనుకున్నానని ఈ మధ్యే అర్థమైంది. ఆమె చూడవలసిన ముఖం గురించి నేను ఆలోచించింది చాలా ఆలస్యంగా.

క్షమించమని అడగడం లేదు. అడగవలసిన మనిషి ఎక్కడుందో, ఉందో లేదో తెలియదు. ఆమె బదులు మన్నించే హక్కు మీకూ లేదు.

ఆ రోజు బస్సు నడుస్తోంది. నేను చూశాను. లేదని చెప్పాను.

ఇంతవరకు ఈ ముక్కలు గదిలో ఒంటరిగా ఉన్నప్పుడు కూడా పైకి అనలేదు. రాశాక ఊపిరి కాస్త లోపలిదాకా అందుతోంది. అంతే.